నారాయణపురం ఆనకట్ట: కూల్చడం మేలా, చేపకు దారి ఇవ్వడం మేలా?

అమెరికాలో ఎల్వా నది మీద కరెంటు కోసం కట్టిన రెండు పాత ఆనకట్టలను 2011, 2014 మధ్య పూర్తిగా తీసేశారు. మొదటిది 1913 నాటిది, రెండోది 1927 నాటిది. చేప ఎక్కే దారే లేకుండా కట్టారు వాటిని. ఇప్పుడు సాల్మన్ చేపలు ఎగువకు వెళ్తున్నాయి, దశాబ్దాలుగా చిక్కుకున్న ఇసుక దిగువకు వచ్చి సముద్రపు ఒడ్డున మేట వేసింది.

అలాగని నాగావళి మీది నారాయణపురం ఆనకట్టను కూల్చమని నేను అడగను. ఎల్వా కట్టలు కరెంటు కోసం, కరెంటు ఇంకో చోటి నుంచైనా తెచ్చుకోవచ్చు. కుడి, ఎడమ కాలువల్లోకి నీళ్లెక్కాలంటే మాత్రం నదికి అడ్డంగా ఆ గోడ ఉండాల్సిందే. కింద ఉన్నది వరి.

కూల్చకపోతే రెండు దారులున్నాయి. మొదటిది కాంక్రీటు తొట్లతో కట్టే చేపల మెట్లు. ఎగిరి దూకే సాల్మన్‌కు అవి నప్పుతాయి. మన నదిలోకి వచ్చేవి వేరు. పండుగప్ప ఉప్పునీటిలో పుట్టి, పిల్లగా ఉన్నప్పుడు నది ఎక్కుతుంది. పాములా పొడవుగా ఉండే చేప మలుగుపాము గుడ్లు పెట్టడానికి సముద్రానికి పోతుంది, దాని పిల్లలు తిరిగి ఏటికి వస్తాయి. నీలకంఠ రొయ్య గుడ్లు నది సముద్రంలో కలిసే మొగలో పిల్లలవుతాయి. అంటే పైకి రావలసినవి ఎక్కువగా వేలెడంత పిల్లలు! ఒకసారి కొత్త నీరు వచ్చిన రోజుల్లో, తెల్లవారకముందే టార్చి వేసి చూశాను. గోడ పక్కన నీటి చెమ్మ జారే చోట నాచు పట్టుకుని రొయ్య పిల్లలు పాకుతున్నాయి. నాచు ఆగిపోయి నున్నటి కాంక్రీటు మొదలైన చోట ఒక్కొక్కటే జారి కింద పడ్డాయి.

అందుకే నా ఓటు రెండోదానికి. ఒక ఒడ్డున పెద్ద రాళ్లు పరిచి, మీద పలచగా నీరు పారేలా చాలా తక్కువ వాలుతో వేసే దారి అది. రాళ్ల సందుల్లో చేపపిల్ల ఆగి ఊపిరి తీసుకుంటుంది, రొయ్యకు పట్టు దొరుకుతుంది. వర్షాకాలంలో గోడ మీదుగా నీరు ఎలాగూ పొర్లుతుంది కాబట్టి రైతుకు నష్టం లేదు. వేసవిలో మాత్రం సన్నని ధార వదలాలి, దానికి రైతులను ఒప్పించడం కష్టమే. కాలువ తూముల దగ్గర జాలీలు కూడా కావాలి, లేకపోతే కిందికి దిగే చేప పొలాల్లోకి పోయి, కాలువకు నీళ్లు ఆపేసిన రోజున గుంటల్లో చస్తుంది.

కూల్చవలసినవి లేకపోలేదు. గెడ్డల మీద, అంటే చిన్న వాగుల మీద, ఆయకట్టే మిగలని చిన్న పాత అడ్డుకట్టలు ఎవరికీ పనికిరావు, వాటిని తీసెయ్యాలి.

రాళ్ల వాలు వేస్తే పిల్లచేపకు ఎగువన నాగావళిలో సువర్ణముఖి కలిసే సంగాం దాకా దారి తెరుచుకుంటుంది. ఆపైన సువర్ణముఖిలో మడ్డువలస జలాశయం, నాగావళిలో తోటపల్లి బ్యారేజీ అడ్డం ఉన్నాయి. ముందు సంగాం దాకానైనా రానివ్వాలి.