మాత్రా, ఇంజెక్షనా, కాపర్-టీనా: క్యాన్సర్ భయం ఉంటే ఏది మేలు?

"వదినా, ఈ మాత్రలు మింగితే రొమ్ము క్యాన్సర్ వస్తుందంట, నిజమేనా?"

మాలా-ఎన్ అనే గర్భనిరోధక మాత్రల అట్ట చేతిలో పట్టుకుని అడిగింది మా ఆడపడుచు. 28 ఏళ్లు, పాపకి ఏడాదిన్నర. రెండో కాన్పుకి మూడేళ్లు ఎడం కావాలంటుంది. ఆశా కార్యకర్త ఇచ్చిన ఆ అట్టలో 21 తెల్ల మాత్రలు, 7 ముదురు రంగువి. భయంతో ఒక్కటీ విప్పలేదు.

"అదేం లేదులే" అని కొట్టిపారేయడానికి నాకు మనసొప్పలేదు. ఈస్ట్రోజెన్, ప్రొజెస్టోజెన్ అనే రెండు హార్మోన్లు కలిసిన ఇలాంటి మాత్రల్ని ప్రపంచ ఆరోగ్య సంస్థ క్యాన్సర్ విభాగం క్యాన్సర్ కారకాల మొదటి వర్గంలోనే పెట్టింది. ఇవే మాత్రలు అండాశయ క్యాన్సర్‌నీ, గర్భాశయం లోపలి పొరకి వచ్చే క్యాన్సర్‌నీ తగ్గిస్తాయని కూడా ఆ విభాగమే చెప్పింది. మన ఫోన్లలో తిరిగేది మాత్రం మొదటి మాటే.

రొమ్ము సంగతి చూద్దాం. డెన్మార్క్‌లో 18 లక్షల మంది ఆడవాళ్ల వివరాలు పరిశీలించి 2017లో లెక్క తేల్చారు. హార్మోన్ పద్ధతులు వాడేవాళ్లకి ముప్పు 20 శాతం ఎక్కువ. వినగానే గుండె ఝల్లుమంటుంది. కానీ మనుషుల్లో లెక్కేస్తే, లక్ష మంది ఏడాదిపాటు వాడితే అదనంగా వచ్చేవి 13 కేసులు. 35 లోపు వాళ్లలో అయితే రెండే. వయసు పెరిగేకొద్దీ ఈ అంకె పెరుగుతుంది, అసలు కిటుకు అక్కడే ఉంది.

ఇక అండాశయం. మాత్ర అయిదేళ్లు వాడితే ఆ క్యాన్సర్ ముప్పు అయిదో వంతు తగ్గుతుంది, పదిహేనేళ్లు వాడితే దాదాపు సగం. మానేసిన 30 ఏళ్ల తర్వాత కూడా ఆ రక్షణ కొంత మిగులుతుంది. నేను దీనికే ఎక్కువ బరువిస్తాను. రొమ్ములో గడ్డ చేతికి తగలొచ్చు, మామోగ్రామ్‌లో కనిపించొచ్చు. అండాశయ క్యాన్సర్‌ని ముందే పట్టుకునే నమ్మకమైన పరీక్ష లేదు. కడుపుబ్బరమే కదా, గ్యాసే కదా అనుకుంటుండగానే ముదిరిపోతుంది.

గర్భాశయ ముఖద్వారం విషయంలో మాత్ర అంత మంచిది కాదు. అయిదేళ్లు దాటి వాడేవాళ్లకి ముప్పు దాదాపు రెట్టింపు. మానేశాక పదేళ్లకి మామూలుకొస్తుంది. ఆ క్యాన్సర్‌కి మూలం హెచ్‌పీవీ వైరస్, కాబట్టి 30 దాటాక ఏ పద్ధతి వాడినా పరీక్ష చేయించుకోవాల్సిందే.

మూడు నెలలకోసారి వేసే అంతరా ఇంజెక్షన్‌తో రోజూ గుర్తుపెట్టుకునే బాధ లేదు. అందులో ప్రొజెస్టోజెన్ ఒక్కటే ఉంటుంది. అలాంటి పద్ధతులతోనూ రొమ్ము ముప్పు మాత్రలంతే పెరుగుతుందని 2023లో ఆక్స్‌ఫర్డ్ పరిశోధకులు తేల్చారు. ఏడాదికి పైగా ఆ మందు తీసుకున్నవాళ్లలో మెనింజియోమా అనే మెదడు పొర గడ్డలు ఎక్కువని 2024లో ఫ్రాన్స్ నుంచి ఒక అధ్యయనం వచ్చింది. చాలా అరుదైనవి, ఎక్కువగా క్యాన్సర్ కానివే. పైగా ఆపాక మళ్లీ నెల తప్పడానికి చాలా నెలలు పట్టొచ్చు. ఎడం కోసం చూసేవాళ్లకి నేనైతే చెప్పను.

కాపర్-టీలో హార్మోనే లేదు, రొమ్ము భయమూ లేదు. 380ఏ రకం పదేళ్లు పనిచేస్తుంది. బాధల్లా నెలసరి రక్తం ఎక్కువ పోవడం. మొదటి మూడు నెలలు వారానికి రెండుసార్లు, తర్వాత వారానికోసారి వేసుకునే ఛాయా మాత్రలోనూ స్టెరాయిడ్ హార్మోన్ ఉండదు.

ఆంధ్రలో పెళ్లయిన ఆడవాళ్లలో దాదాపు 70 శాతం మంది పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేయించుకున్నవాళ్లే. అందుకే మాత్ర గురించి అడుగుదామంటే ఇంట్లో వాడినవాళ్లే దొరకరు.

నా మాట ఇది: 35 లోపు, బీపీ, రక్తం గడ్డకట్టే జబ్బు, కళ్లముందు మెరుపులతో వచ్చే మైగ్రేన్ లేనివాళ్లకి మాత్రే మేలు. అవి ఉంటే క్యాన్సర్ దాకా ఎందుకు, పక్షవాతం భయం చాలు, ఈ మాత్ర వద్దు. 35 దాటితే కాపర్-టీ. రొమ్ము క్యాన్సర్ వచ్చినవాళ్లకి ఏ హార్మోనూ వద్దు. అమ్మకో అక్కకో వచ్చిందన్నంత మాత్రాన మాత్ర మానక్కర్లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ నిబంధనలే చెబుతున్నాయి. వంశంలో రొమ్ము, అండాశయ క్యాన్సర్ ముప్పు పెంచే బీఆర్‌సీఏ జన్యులోపం తేలితే మాత్రం క్యాన్సర్ డాక్టర్ని అడిగాకే.

మర్నాడు ఇద్దరం పీహెచ్‌సీకి వెళ్లాం. బీపీ 110/70. హిమోగ్లోబిన్ 9.4. అంత తక్కువుంటే కాపర్-టీ కన్నా నెలసరిని తగ్గించే మాత్రే నయమంది సిస్టర్.

"ఆ రంగువి పారేయొచ్చు కదా వదినా, వాటిలో మందు లేదంట?" అంది తిరిగొస్తూ. అవి ఐరన్ మాత్రలు. నీకు వాటి అవసరమే ఎక్కువే పిల్లా అన్నాను.