ప్రమోషన్ కోసం టెట్ (ఉపాధ్యాయ అర్హత పరీక్ష) రాయాలా, కోర్టుకెళ్లాలా?

ఎస్‌జీటీ (సెకండరీ గ్రేడ్ టీచర్) నుంచి స్కూల్ అసిస్టెంట్ (హైస్కూల్ సబ్జెక్టు టీచర్) ప్రమోషన్ కోసం ఎదురుచూస్తున్న సీనియర్ల ముందు ఇప్పుడున్నవి ఈ రెండే దారులు.

2025 సెప్టెంబర్ 1న సుప్రీంకోర్టు తేల్చేసింది: టెట్ లేకుండా ప్రమోషన్ లేదు, అయిదేళ్లలోపు సర్వీసు మిగిలినవాళ్లు ఉద్యోగంలో కొనసాగొచ్చు గానీ ప్రమోషన్ కావాలంటే వాళ్లూ పాసవ్వాల్సిందే. పాతికేళ్లు పాఠాలు చెప్పినవాళ్లకి ఇది అవమానంగానే ఉంటుంది, కాదనను. కానీ పరీక్ష మన చేతిలో ఉంటుంది. స్కూల్ అసిస్టెంట్‌కి పేపర్-2 కావాలి, 150 మార్కులకు జనరల్‌కి 90, బీసీలకు 75, ఎస్సీ, ఎస్టీలకు 60 వస్తే చాలు.

కోర్టు సంగతి వేరు. ప్రభుత్వోద్యోగుల కేసులు చూసే సర్వీసు ట్రిబ్యునల్ రద్దయ్యాక రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఇలాంటి కేసులన్నీ నేరుగా హైకోర్టుకే, స్టే వస్తే మనతో పాటు జాబితాలో ఉన్న అందరి ప్రమోషన్లూ ఆగొచ్చు (అప్పుడు స్టాఫ్‌రూమ్‌లో మాటలు పడేది మనమే!), చివరికి గెలిచినా చాలాసార్లు నోషనల్ సీనియారిటీ (కాగితం మీద వెనకటి తేదీ నుంచి లెక్క) వస్తుంది గానీ అరియర్స్ (ఆ కాలపు జీతం బకాయిలు) రావు.

సీనియారిటీ జాబితాలో మీ ర్యాంకే తప్పు పడితే మాత్రం కోర్టు దారి సబబే. అయితే ముసాయిదా జాబితా వచ్చినప్పుడే రాతపూర్వకంగా అభ్యంతరం ఇచ్చి రసీదు తీసుకోండి, లేకపోతే మొదటి వాయిదాలోనే ‘అప్పుడెందుకు అభ్యంతరం చెప్పలేదు?’ అనే ప్రశ్న ఎదురవుతుంది. టెట్ వద్దని వాదించడానికైతే నేను వకీలు ఫీజు కట్టను, ఆ డబ్బుతో మెథడాలజీ పుస్తకాలు కొంటాను.