నైట్ షిఫ్టుకి బెంగళూరు కాఫీ పొడి: 80-20 కొనాలా, 60-40 కొనాలా?

మారతహళ్ళి, బీటీఎం లేఅవుట్ పీజీల్లో ఉంటూ అమెరికా వేళలకి పనిచేసే మనవాళ్ళు కాఫీ పొడిని రుచి చూసి కొంటారు, తాగేది మాత్రం నిద్ర ఆపుకోవడానికి. ఈ రెంటి లెక్కలూ వేరు. మల్లేశ్వరం, గాంధీబజారు వైపు దుకాణాల్లో కళ్ళముందే ఆడించి ఇచ్చే పొడిని ఇక్కడ రెండో లెక్కలోనే తూస్తున్నాం. రాత్రి పదింటికి కళ్ళు తెరిపించాలి, తెల్లవారి ఐదింటికి వాటిని మూసుకోనివ్వాలి.

ముందు చికోరీ సంగతి. 60-40 అంటే అరవై పాళ్ళు కాఫీ, నలభై పాళ్ళు చికోరీ. మిశ్రమంలో కాఫీ 51 శాతానికి తగ్గకూడదని, చికోరీ ఎంతో ప్యాకెట్టు మీద రాయాలని నిబంధన ఉంది. చికోరీ అంటే ఒక మొక్క వేరుని వేయించి చేసిన పొడి, మెలకువ తెప్పించే కెఫీన్ అందులో అసలుండదు. డికాషన్ నల్లగా, చిక్కగా దిగేది చాలావరకు దానివల్లే. అంటే "భలే స్ట్రాంగు" అని మనం మెచ్చుకునే చిక్కదనానికీ మెలకువకీ చుట్టరికం తక్కువ.

తర్వాత గింజ. అరబికా గింజలో కెఫీన్ బరువులో సుమారు 1.2 శాతం, రోబస్టాలో 2.2 శాతం. దుకాణం బోర్డు మీద 'ప్లాంటేషన్ ఎ' అని ఉంటే అది అరబికా, 'రోబస్టా చెర్రీ' పేరులోనే ఉంది. పీబెర్రీ మీద ఉన్న మోజుకి మెలకువ లెక్కలో చోటు లేదు. పండులో రెండు గింజలు ఉండాల్సిన చోట ఒక్కటే గుండ్రంగా ఎదిగితే దాన్ని పీబెర్రీ అంటారు, అంతే. ముదురుగా వేయించినా లేతగా వేయించినా తూకానికి కెఫీన్ దాదాపు మారదు. నెల దాటిన పొడిలో వాసన పోతుంది గానీ కెఫీన్ పోదు.

ఇక గ్లాసు లెక్క. తూచి 20 గ్రాముల పొడి, 150 మి.లీ. నీళ్ళు పోస్తే సుమారు 110 మి.లీ. డికాషన్ దిగుతుంది, నాలుగు గ్లాసులకి సరిపోతుంది. పొడిలో ఉన్న కెఫీన్‌లో 80 శాతం దిగిందనుకుంటే, అంతా అరబికా అయిన 60-40లో గ్లాసుకి 29 మిల్లీగ్రాములు. అదే అరబికా 80-20లో 38. 80-20లో కాఫీ భాగం సగం అరబికా, సగం రోబస్టా అయితే 54. ఇవి అంచనాలే, కానీ తేడా కంటికి కనిపిస్తోంది కదా: చూడ్డానికి చిక్కగా ఉన్న 60-40 కన్నా దాదాపు రెట్టింపు. పక్కన పెట్టి చూడటానికి డబ్బా ఎనర్జీ డ్రింకు: మన నిబంధనల్లో కెఫీన్ పానీయాలకి గరిష్ఠం లీటరుకి 300 మిల్లీగ్రాములు, అంటే 250 మి.లీ. డబ్బాలో 75. చక్కెర దండిగా, రుచి దగ్గుమందులా. దర్శినిలో, అంటే బెంగళూరులో నిలబడి తినే హోటల్లో, బై-టూ చెప్పుకుంటే ఈ లెక్కంతా మళ్ళీ సగం, అక్కడ మెలకువ తెప్పించేది పక్కవాడి కబుర్లే.

మా మార్కులు: అరబికా 60-40కి రుచిలో పదికి ఎనిమిది, మెలకువలో మూడు. రోబస్టా కలిపిన 80-20కి రుచిలో ఆరు, మెలకువలో తొమ్మిది. చేదు కాస్త ముందుకొస్తుంది, పాలు చిక్కగా ఉంటే సర్దుకుంటుంది.

ఫిల్టరు సరిగ్గా దిగకపోతే పై అంకెలన్నీ వృథా. పొడిని సమంగా పరిచి, పిడి ఉన్న చిల్లుల బిళ్ళతో తేలిగ్గా మాత్రమే ఒత్తాలి. మరిగి దించిన నీళ్ళు ముందు 30 మి.లీ. చుట్టూ పోసి అర నిమిషం ఆగి, పొడి తడిసి పొంగాక మిగతావి పోయాలి. పదిహేను, ఇరవై నిమిషాల్లో దిగాలి. చుక్క కూడా పడకపోతే గట్టిగా ఒత్తి ఉంటారు, లేదా పొడి మరీ మెత్తన, లేదా కింది గిన్నెలో గాలి బయటికి పోయే దారి లేదు. పై గిన్నెని ఒక్కసారి కొంచెం ఎత్తి దించితే ఈ మూడోది తీరిపోతుంది. చికోరీ నీళ్ళు పీల్చి ఉబ్బుతుంది కాబట్టి 60-40కి ఈ బెడద ఎక్కువ. మూడు నిమిషాల్లోనే బడబడా దిగిపోతే పొడి బరక, సారం పిప్పిలోనే ఉండిపోయింది. అదే పిప్పి మీద రెండోసారి నీళ్ళు పోసి తీసే డికాషన్‌లో మిగిలేది ఎక్కువగా రంగే.

ఎప్పుడు తాగాలన్నది ఎంత తాగాలన్నదానికన్నా ముఖ్యం. మెలకువగా ఉన్నంతసేపూ మెదడులో అడెనోసిన్ అనే రసాయనం పేరుకుంటుంది, అది తన కోసం ఉన్న కుర్చీల్లాంటి గ్రాహకాల మీద కూర్చుంటే నిద్ర వస్తుంది. కెఫీన్ ఆ కుర్చీల్లో తను కూర్చుంటుంది. నిద్ర అప్పు తీరదు, అప్పులవాడు తలుపు కొట్టే చప్పుడు వినపడదంతే. తాగిన అరగంట నుంచి గంటలో పట్టు అందుకుంటుంది, సగం కరగడానికి దాదాపు ఐదు గంటలు. సిగరెట్టు తాగేవాళ్ళలో త్వరగా, గర్భనిరోధక మాత్రలు వాడేవాళ్ళలో చాలా నెమ్మదిగా కరుగుతుంది. పడుకోవడానికి ఆరు గంటల ముందు 400 మిల్లీగ్రాములు తీసుకున్నా నిద్రలో గంటకి పైగా కోత పడుతుంది.

కాబట్టి సాయంత్రం ఆరున్నర నుంచి మూడున్నర దాకా షిఫ్టు ఉండి, ఐదున్నరకి పడుకునేవాళ్ళకి: ఎనిమిదికి ఒక గ్లాసు, పదికి ఒకటి, పన్నెండు లోపు ఆఖరుది. ఒకేసారి మగ్గు నిండా తాగితే చేతులు వణుకుతాయి, గుండె దడ, చిరాకు. కొంచెం కొంచెంగా అయితే చురుకుదనం నిలుస్తుంది, మనసూ తేలిగ్గా ఉంటుంది. ఆఖరి గ్లాసు తాగిన వెంటనే పదిహేను, ఇరవై నిమిషాలు కునుకు తీయండి. లేచేసరికి కెఫీన్ అందుకుంటుంది, కునుకు కొంత అడెనోసిన్‌ని తగ్గించి ఉంటుంది. ఆరోగ్యవంతులకి రోజు హద్దు 400 మిల్లీగ్రాములు, గర్భిణులకి 200.

నిద్ర ఆపుకోవడానికి ఆఫీసుల్లో చేతులు మారే మొడాఫినిల్ అనే మందుబిళ్ళ గురించి కూడా చెప్పాలి. అది కాఫీకి అన్నయ్య కాదు, వేరే ఇంటి మనిషి. ప్రధానంగా డోపమిన్ అనే మెదడు రసాయనం తిరిగి నాడీకణాల లోపలికి పోకుండా అడ్డుకుంటుంది. సగం కరగడానికి 12 నుంచి 15 గంటలు. సాయంత్రం ఐదున్నరకి వేసుకుంటే, తెల్లవారి పడుకునే వేళకి సగం ఇంకా ఒంట్లోనే. షిఫ్టు నిద్ర రుగ్మత ఉన్నవాళ్ళ మీద 2005లో వచ్చిన పరీక్షలో 200 మిల్లీగ్రాముల మోతాదుతో రాత్రిపూట నిద్రలోకి జారడానికి పట్టే సమయం సగటున 2.1 నిమిషాల నుంచి 3.8 నిమిషాలకి పెరిగింది. మేలే, అద్భుతం కాదు. తలనొప్పి మామూలు, ఒంటి మీద దద్దుర్లు వస్తే వెంటనే ఆపి డాక్టరు దగ్గరికి పరుగెత్తాల్సిందే. గర్భనిరోధక మాత్రల బలాన్ని తగ్గిస్తుంది, ఆపేశాక కూడా నెలపాటు. డాక్టరు చీటీ లేకుండా ఇస్తానన్న మందుల షాపు మీకు చేసే ఉపకారమేమీ లేదు.

వారమంతా తాగి శనివారం మానేస్తే 12 నుంచి 24 గంటల్లో తలనొప్పి పట్టుకుంటుంది. దాన్ని అలసట అనుకుంటారు గానీ, అది కెఫీన్ అందక వచ్చింది. సెలవు రోజున కూడా ఒక గ్లాసు ఉంచుకోండి. మానాలంటే రెండు వారాల్లో గ్లాసు గ్లాసుగా తగ్గించండి.

దుకాణంలో "స్ట్రాంగుగా ఇవ్వండి" అని అడిగితే చికోరీ పెంచి ఇచ్చే అవకాశమే ఎక్కువ. పాళ్ళు చెప్పండి: 100 గ్రాములు ప్లాంటేషన్ ఎ, 100 రోబస్టా చెర్రీ, 50 చికోరీ, ఫిల్టరుకి ఆడించాలి. రోజుకి 20 గ్రాముల చొప్పున పన్నెండు రోజులొస్తుంది, వాసన పోయేలోపే డబ్బా ఖాళీ.