తేలిక మాటల్లో అర్థం చెప్పే ఇంగ్లీష్ డిక్షనరీ: పర్లాకిమిడి ట్యూషన్‌లో చాన్నాళ్లు వాడాక

ఇంగ్లీష్ మాటకు ఇంగ్లీష్‌లోనే అర్థం చెప్పే లెర్నర్స్ డిక్షనరీ ఇది. పేజీలెన్ని, ధరెంత అన్నవి ఎక్కడైనా దొరుకుతాయి. నాకు తెగ నచ్చింది ఒక్కటే. ఎంత కష్టమైన మాటకైనా సుమారు 2,000 తేలిక మాటల్లోనే అర్థం చెబుతుంది. ఢాకాలో ఇంగ్లీష్ బోధించిన మైకేల్ వెస్ట్ 1935లోనే 1,490 మాటలతో నిఘంటువు మొత్తం నడిపించాడు. 1978లో లాంగ్‌మన్ అనే ప్రచురణ సంస్థ 2,000 మాటలతో ఆ పని చేసింది.

పర్లాకిమిడి ఒడిశాలో, ఆంధ్ర సరిహద్దున ఉంది. మా ట్యూషన్ పిల్లలకు ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా. తెలుగు గలగలా మాట్లాడతారు, చదవమంటే తడబడతారు. ఇంగ్లీష్-తెలుగు డిక్షనరీ ఇస్తే అందులోని తెలుగు కూడా నేనే చదివిపెట్టాలి.

ఒకసారి పాఠంలో ముసలాయన ఎండలో దూరంగా వస్తున్న బండిని చూస్తూ 'స్క్వింట్' చేశాడని వచ్చింది. తొమ్మిదో తరగతి అమ్మాయి ఇంట్లో వాళ్ల నాన్న చేత తెలుగు అర్థం చదివించుకుని వచ్చి, "మాస్టారూ, ఆయనకి మెల్లకన్నా?" అంది. ఈ డిక్షనరీ తీయించాను. బాగా కనబడటానికి కళ్లు సగం మూసి చూడటం అని ఉంది. అన్నీ తనకు తెలిసిన మాటలే. చదువుతూనే కిటికీ వైపు తిరిగి, ఎండలోకి కళ్లు చికిలించి చూసింది. "ఇదేనా మాస్టారూ?" అంది. నేను ఒక్క ముక్క చెప్పాల్సిన పని లేకపోయింది. పాఠం చెప్పేవాడికి ఇంతకన్నా ఏం కావాలి!

'ఎంత కష్టమైన మాటకైనా' అన్నాను గానీ, పిట్టల దగ్గర ఆ మాట నిలవదు. హెరాన్, స్టార్క్, క్రేన్, దేనికి చూసినా పొడుగు కాళ్లు, పొడుగు మెడ ఉన్న పెద్ద పక్షే. మహేంద్రతనయ ఒడ్డున కొంగల్ని చూస్తూ పెరిగిన పిల్లలు "మరి మనది ఏది?" అంటే ఏం చెప్పను? అక్కడ బొమ్మే దిక్కు. క్విజ్‌ల కోసం అడిగే 'డిఫెనిస్ట్రేషన్' లాంటివాటికీ అర్థం ఒక్కటే చాలదు. 1618లో ప్రాగ్ కోట కిటికీలోంచి మనుషుల్ని తోసేసిన కథ చెబితేనే ఆ మాట బుర్రలో నిలుస్తుంది.

ఎనిమిదో తరగతి లోపు వాళ్లకు నేనైతే ఇవ్వను, ముందు ఆ తేలిక మాటలు రావాలి కదా. పక్కనే ఆంధ్రలో ఉన్న పాతపట్నంలో తెలుగు మీడియం పిల్లలకైతే ఇంగ్లీష్-తెలుగే ముందు కొనమంటాను. ఒడియా బడికి వెళ్లే మా వీధి పిల్లలకు మాత్రం ఇదే, పక్కన బొమ్మలున్న పక్షుల పుస్తకం ఒకటి పెట్టుకుని.