కాశిమేడులో పడవ రేడియోల దుకాణం: ఏడాది వాడకం తర్వాత

తూర్పు తీరంలో మరపడవల వేట ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు, 61 రోజులపాటు నిషేధం కింద నిలిచిపోతుంది. ఆ రోజుల్లో చెన్నైలోని కాశిమేడు హార్బరులో పడవలకు రంగులు వేయడం, ఇంజన్లు విప్పి బిగించడం ఎలాగూ జరుగుతాయి గాని, రేడియోలు, ఆపదలో సంకేతం పంపే బీకన్ల సంగతి మాత్రం చాలామంది చివరి వారానికి నెట్టేస్తారు. మా మావయ్యగారి మరపడవకు లెక్కలూ కాగితాలూ చూసేది నేనే కాబట్టి నిరుడు ఆ పని నా మీద పడింది. వలలు, తాళ్లు, ఐసు పెట్టెలు అమ్మే కొట్ల వరసలో మేడమెట్ల కింద ఇరుక్కుని ఉన్న ఒక చిన్న దుకాణంలో ఒక వీహెచ్‌ఎఫ్ రేడియో సెట్టూ, ఒక అత్యవసర బీకనూ కొన్నాం. దుకాణదారు నౌకాదళంలో రేడియో విభాగంలో పనిచేసి పదవీ విరమణ చేసిన కావలి ప్రాంతపు మనిషి. తన పేరూ కొట్టు పేరూ రాయవద్దని కోరారు. వలల కొట్లవాళ్లను తెలుగులో అడిగినా తమిళంలో అడిగినా దారి చూపిస్తారు.

ఈ దుకాణానికి వెళ్లడానికి ముందు మాకొక చేదు అనుభవం ఉంది. మా పాత బీకన్ వేరే ఊళ్లో వేరే దుకాణంలో కొన్నది. చవకగా వస్తోందని తీసుకున్నాం, రసీదు తప్ప మరో కాగితం ఇవ్వలేదు, మేమూ అడగలేదు. నిరుడు వేసవిలో కేబినుకు రంగు వేస్తుండగా కుర్రవాడొకడు గోడకున్న సామానంతా ఊడదీసి, ఆ బీకన్‌ను కూడా కడగడానికని నీళ్ల తొట్టెలో వేశాడు. బిగింపులోంచి తీసి నీటిలో వేస్తే తనంతట తాను మోగడమే దాని ధర్మం. పైన దీపం మిణుకుమంటున్నా ఎవరూ పట్టించుకోలేదు. మధ్యాహ్నానికి విశాఖపట్నంలో ఎవరో పడవ యజమానికి తీరరక్షక దళం నుంచి ఫోను వెళ్లింది. తన పడవ ఒడ్డునే క్షేమంగా ఉందని ఆయన చెప్పుకున్నాడు. ఆ బీకన్ ఒకప్పుడు ఆయనదే. అమ్మేసినా రికార్డులో పేరు మారలేదు. సంకేతం మాత్రం కాశిమేడు నుంచి వస్తూనే ఉంది. నాలుగు గంటల తర్వాత తీర పోలీసు విభాగమైన కోస్టల్ సెక్యూరిటీ గ్రూప్ సబ్ ఇన్‌స్పెక్టరు ఒకరు, మత్స్యశాఖ ఉద్యోగి ఒకరు వరసగా పడవలు వెతుక్కుంటూ వచ్చి, మా తొట్టెలో దాన్ని పట్టుకున్నారు. తిట్లు తినవలసినంతా తిన్నాం. అయితే ఆ నాలుగు గంటలూ మా పడవ నిజంగా మునిగి ఉంటే ఏమయ్యేదన్న ఆలోచన ఆ రాత్రి మావయ్యను నిద్రపోనివ్వలేదు.

ఈ సంగతి కొత్త దుకాణదారుతో చెబితే ఆయన ఆశ్చర్యపోలేదు. ఒక కాగితం తీసి సంకేతం నడిచే దారిని గీసి చూపించారు. 406 మెగాహెర్ట్జ్ మీద బీకన్ పంపే సంకేతాన్ని అంతర్జాతీయ కాస్పాస్-సార్సాట్ ఏర్పాటులోని ఉపగ్రహాలు అందుకుంటాయి. మన దేశంలో బెంగళూరు, లక్నోలలోని భూకేంద్రాలు దాన్ని పట్టుకోగా, బెంగళూరులో ఇస్రోకు చెందిన ఇస్ట్రాక్ ఆవరణలోని ఇండియన్ మిషన్ కంట్రోల్ సెంటర్ ఆ బీకన్ ఎవరిదో విడదీసి, చెన్నైలో తీరరక్షక దళం నడిపే సముద్ర గాలింపు సమన్వయ కేంద్రానికి పంపుతుంది. బెంగళూరు కేంద్రం మనకే కాక శ్రీలంక, మాల్దీవులు, బంగ్లాదేశ్ వంటి పొరుగు దేశాలకూ ఈ సేవ అందిస్తుందని అప్పుడే తెలిసింది. ఇస్రో పౌర సంస్థ. తీరరక్షక దళం 1978 నాటి చట్టంతో ఏర్పడి రక్షణ మంత్రిత్వ శాఖ కింద ఉన్న సాయుధ దళం. మత్స్యశాఖ, తీర పోలీసులు రాష్ట్ర ప్రభుత్వానివి. "బీకన్ అరుపు వినేవాళ్లు బెంగళూరులో, వెతికేవాళ్లు చెన్నైలో, ఆ పడవ ఎవరిదో చెప్పగలిగేవాళ్లు మత్స్యశాఖలో ఉంటారండీ. ముగ్గురి పుస్తకాల్లోనూ మీ నంబరు ఒకటే ఉంటే వాళ్లు ఒకరినొకరు అడుక్కోనక్కరలేదు" అన్నారాయన.

ఈ దుకాణంలో నాకు అన్నిటికన్నా నచ్చినది ఈ పుస్తకాల పట్టింపే. డబ్బు కట్టిన వెంటనే పెట్టె చేతికివ్వరు. పడవ రిజిస్ట్రేషన్ పత్రం, ఐఎన్‌డీ-టీఎన్ అని మొదలయ్యే పడవ నంబరు, యజమాని ఆధార్, పడవ నడిపే సరంగు ఫోను నంబరు, ఒడ్డున ఎప్పుడూ ఫోను ఎత్తే ఇద్దరు బంధువుల నంబర్లు తెమ్మంటారు. భారతీయ నౌకలకు 419తో మొదలయ్యే తొమ్మిదంకెల గుర్తింపు సంఖ్య, బీకన్ లోపల రాసి ఉండే సంకేతం, పెట్టె మీది స్టిక్కరు, రిజిస్ట్రేషన్ దరఖాస్తు, ఈ నాలుగింటినీ మన ముందే ఒకదానికొకటి సరిచూసి, తప్పుంటే సరిదిద్దేదాకా బీకన్ బయటికి పోనివ్వరు. రేడియో సెట్టుకు టెలికాం శాఖ నుంచి రావలసిన లైసెన్సు దరఖాస్తును కూడా తనే నింపించారు. సరంగు నంబరు రాయమంటే మావయ్య తన నంబరే రెండుసార్లు రాశారు. పడవతోపాటు మీరూ నీళ్లలో ఉంటే ఎవరెత్తుతారని ఆయన అడిగేసరికి మా అత్తయ్య నంబరు చేర్చారు. ఈ తంతుకు రెండు పూటలు పట్టింది. విసుగు పుట్టిందని ఒప్పుకుంటాను.

దేశ భద్రత గురించి మాట్లాడేటప్పుడు మనం సాధారణంగా యుద్ధనౌకలను తలుచుకుంటాం గాని, 2008 నవంబరులో ముంబై మీదికి వచ్చిన పదిమంది ముష్కరులు పోర్‌బందర్‌కు చెందిన కుబేర్ అనే చేపల పడవనే చేజిక్కించుకుని వచ్చారన్నది మరిచిపోకూడదు. సముద్రం మీద వేల పడవల్లో ఏది ఎవరిదో ఒడ్డున చెప్పగలిగినవాళ్లు లేకపోవడమే అప్పటి లోపం. ఆ తర్వాత మొత్తం సముద్ర భద్రత బాధ్యతను నౌకాదళానికీ, తీర జలాల్లో సమన్వయాన్ని తీరరక్షక దళానికీ అప్పగించి, ముంబై, విశాఖపట్నం, కొచ్చి, పోర్ట్ బ్లెయిర్‌లలో ఉమ్మడి కార్యకలాపాల కేంద్రాలు పెట్టారు. కేబినెట్ కార్యదర్శి అధ్యక్షతన జాతీయ కమిటీ ఒకటి 2009లో ఏర్పడింది. తమిళనాడులో అంతకు ఎంతో ముందే, 1994లోనే, తీర భద్రతకు ప్రత్యేక పోలీసు విభాగం ఉంది. మత్స్యకారులకు బయోమెట్రిక్ కార్డులు, పడవలకు రాష్ట్రాన్ని బట్టి రంగులు, 20 మీటర్లు దాటిన పడవలకు తామెవరో, ఎక్కడున్నారో చుట్టూ ఉన్న నౌకలకు తెలిపే ఏఐఎస్ పరికరం, ఇవన్నీ ఆ వరసలో వచ్చినవే. తీర భద్రతను పరీక్షించే సాగర్ కవచ్ విన్యాసం నాడు హార్బరు గేటు దగ్గర కార్డులు అడిగితే చిరాకుపడే మా కళాసీలకు ఈ చరిత్రను దుకాణదారు రెండు నిమిషాల్లో చెప్పగలరు, చెబుతారు కూడా, అడక్కపోయినా.

ఏఐఎస్ విషయంలో ఆయన నిజాయితీ గమనించదగ్గది. మా పడవ 20 మీటర్ల లోపుది. కావాలంటే అమ్మి లాభం చేసుకోవచ్చు. "మీకు నిబంధన లేదు, ముందు మంచి యాంటెన్నా కొనండి" అని పంపించారు. ఏఐఎస్ పెడితే మన పడవ ఎక్కడ వల వేస్తున్నదో పక్కవాడికి తెలిసిపోతుందని మావాళ్లకు భయం, అది పూర్తిగా అబద్ధమూ కాదు. రిసీవరు ఉన్న ఎవరికైనా కనబడుతుంది. అయితే రాత్రిపూట సరుకు నౌకల దారికి అడ్డంగా వల వేసినప్పుడు కనబడటమే మేలని ఆయన వాదన. నేను ఆయన పక్షమే.

వీహెచ్‌ఎఫ్ సెట్టు పనితీరు బాగుంది. అత్యవసరానికి కేటాయించిన 16వ ఛానలు మీద మా కళాసీలు సినిమా కబుర్లు చెప్పుకోవడం పాత అలవాటు. దుకాణదారు ఆ కబుర్ల కోసం వేరే ఛానలు అమర్చి ఇచ్చి, 16ను ముట్టుకోవద్దని సరంగు చేత ఒట్టు వేయించుకున్నంత పని చేశారు. ఎర్ర మూత కింద ఉండే ఆపద బటన్ నొక్కితే పడవ గుర్తింపు, స్థానం రెండూ కలిసి వెళ్తాయి. జీపీఎస్ తీగ కలపకపోతే స్థానం వెళ్లదు. ఆ తీగ కలపడం మరిచిపోయిన సెట్లు ఈ హార్బరులో ఎన్ని ఉన్నాయో అనుకుంటే గుబులు పుడుతుంది. ఇక వీహెచ్‌ఎఫ్‌కు సహజమైన పరిమితి దూరం. పడవ నుంచి పడవకు పది పదిహేను నాటికల్ మైళ్లు దాటితే నమ్ముకోలేం. 2017లో ఓఖీ తుపాను వచ్చినప్పుడు కన్యాకుమారి నుంచీ కేరళ నుంచీ లోతు సముద్రానికి వెళ్లిన పడవలకు హెచ్చరిక అందకపోవడానికి ఈ దూరమే ఒక పెద్ద కారణం. హైదరాబాదులోని సముద్ర సమాచార కేంద్రం ఇన్‌కాయిస్ అలల అంచనా ఎంత బాగా వేసినా, వాతావరణ శాఖ ఎంత ముందు చెప్పినా, అది పడవ దాకా చేరే తీగ ఏదీ?

ఆ లోటు తీర్చడానికే ప్రభుత్వం జీశాట్-6 ఉపగ్రహం ద్వారా పనిచేసే ట్రాన్స్‌పాండర్లను 364 కోట్ల రూపాయలతో లక్ష పడవలకు ఉచితంగా అమర్చే పథకాన్ని 2024 ఆగస్టులో ప్రారంభించింది. రెండు వైపులా సందేశాలు పంపుకోవచ్చు, సముద్ర సరిహద్దు దగ్గరపడితే హెచ్చరిక వస్తుంది. శ్రీలంక సరిహద్దు దగ్గరి కచ్చతీవు దీవి వైపు వేటకు వెళ్లేవాళ్లకు ఈ రెండోదే ప్రాణాధారం. ఇది తమ దగ్గర దొరకదనీ, ఎవరైనా డబ్బుకు అమ్ముతామంటే నమ్మవద్దనీ, మత్స్యశాఖలో పేరు నమోదు చేసుకోమనీ దుకాణం గోడ మీద తమిళంలోనూ తెలుగులోనూ రాసి పెట్టారు. తీరరక్షక దళం 1554, తీర పోలీసుల 1093 నంబర్లు కూడా ఆ పక్కనే ఉన్నాయి. తన వ్యాపారానికి అడ్డొచ్చే బోర్డు తానే రాసుకున్న దుకాణదారును నేను మరెక్కడా చూడలేదు.

లోపాలూ రాయాలి. ధరలు చెన్నైలోని ప్యారిస్ కార్నర్ బజారు కంటే రెండు మూడు వేలు ఎక్కువ. బేరం ఆడనివ్వరు. దుకాణంలో ఒక్కరే కాబట్టి నిషేధం ముగిసే వారంలో వెళ్తే రోజంతా బెంచీ మీద కూర్చోవాలి. మరమ్మతుకిచ్చిన సెట్టు తిరిగి రావడానికి మాకు మూడు వారాలు పట్టింది, అడిగిన ప్రతిసారీ విడిభాగం దారిలో ఉందన్నారు. వాడకం పుస్తకం ఇంగ్లీషులోనే ఉంది. తెలుగులో ఒక పేజీ రాసిస్తానని ఆయన అన్నారు గాని ఇంకా ఇవ్వలేదు. మాట్లాడటం మొదలుపెడితే ఆపరు. అవన్నీ భరించవచ్చు. భరించలేనిది ఒక్కటే, బీకన్ గోడ బిగింపుకుండే విడుదల పరికరాన్ని రెండేళ్లకొకసారి మార్చాలని ఆయన నోటితో చెప్పారు తప్ప రసీదు మీద తేదీ రాయలేదు. నీటి లోతులో ఒత్తిడికి తెరుచుకుని బీకన్‌ను పైకి వదిలేది అదే. కాగితం మీద ఇంత పట్టింపు ఉన్న మనిషి ఈ తేదీని ఎలా వదిలేశారో అర్థం కాలేదు. నేను పెన్నుతో కేబిను తలుపు లోపలివైపు రాసుకున్నాను.

ఈ ఏడాది నిషేధం మొదలయ్యాక అరిగిపోయిన యాంటెన్నా తీగ కోసం మళ్లీ వెళ్లాను. తీగ బల్ల మీద పెట్టి, మీ సరంగు మారాడట కదా అని అడిగారు. నిజమే, పాత సరంగు నెల్లూరు వెళ్లిపోయాడు, కొత్తవాడు వచ్చి నెలయింది. తీగను మళ్లీ సొరుగులో పెట్టేసి, నంబరు మార్పు ఫారం ముందుకు తోశారు. కొత్త సరంగుకు ఫోను చేసి నంబరు తెలుసుకుని, ఫారం నింపి, అది బెంగళూరుకు మెయిలు చేసిన సంగతి నా ఫోనులో చూపించాకే తీగ చేతికొచ్చింది.