డ్యూయీ విజయోత్సవం: నదిమీది చిత్రమా, వీథిలోని చిత్రమా?

1898 మే 1న మనీలా అఖాతంలో స్పెయిన్ నౌకాదళాన్ని ఓడించిన అమెరికా సేనాని జార్జ్ డ్యూయీకి మరుసటి ఏడాది సెప్టెంబరులో న్యూయార్క్ నగరం ఘనస్వాగతం పలికింది. 29న హడ్సన్ నదిమీద ఓడల ఊరేగింపు, 30న నగర వీథుల్లో కవాతు జరిగాయి. ఆ వేడుకలను నాటి మూకీ కెమెరాలు చిన్న చిన్న తునకలుగా పట్టుకున్నాయి. వాటిలో ముందుగా ఏవి చూడాలి?

గెలిచింది నౌకాదళం కనుక నదిమీది చిత్రాలే మేలని తోచడం సహజం. డ్యూయీ పతాకనౌక (సేనాని ఉండే ముఖ్యనౌక) ఒలింపియాను పక్కగా సాగే పడవలోంచి తీసిన దృశ్యంలో, కెమెరాను తిప్పకుండానే ఓడ పొడవంతా మన కళ్ల ముందు జరిగిపోవడం నిజంగా ముచ్చటగొలుపుతుంది. అయితే దూరాన్ని దగ్గర చేసే కటకాలను సినిమా కెమెరాలకు అరుదుగా వాడిన ఆ రోజుల్లో కాస్త ఎడంగా ఉన్న ఓడ చిన్న మచ్చగానే మిగిలేది.

వీథిలో ఆ ఇబ్బంది లేదు. కెమెరా ఒకచోట నిలబడితే చాలు, మనుషులే దానివైపు నడిచి వస్తారు, వారి నడక, దుస్తులు, దారికి ఇరువైపులా కిక్కిరిసిన జనం స్పష్టంగా కనిపిస్తాయి. నేను వీథి చిత్రాలవైపే మొగ్గడానికి అంతకన్నా బలమైన కారణం మాడిసన్ స్క్వేర్ వద్ద ఈ ఉత్సవం కోసమే కట్టిన విజయతోరణం. రోములోని టైటస్ తోరణాన్ని పోలిన ఆ కట్టడాన్ని రాతితో కాక, నార కలిపిన ప్లాస్టరుతో నిర్మించారు. రాతితో శాశ్వతంగా కట్టాలన్న ఆలోచనకు తగినన్ని విరాళాలు రాక, 1900లో దాన్ని కూల్చివేశారు. ఒలింపియా మాత్రం నేటికీ ఫిలడెల్ఫియా రేవులో ఉంది, వెళ్లి ఎక్కి చూడవచ్చు. ఆ తోరణం కిందుగా దళాలు సాగిపోవడాన్ని చూడాలంటే ఆ ఫిల్ములే దిక్కు.

చిత్రం నాణ్యత మాత్రం స్థలాన్నిబట్టి గాక ఫిల్మునుబట్టి ఉంటుంది. 1912కు ముందు అమెరికాలో సినిమాకు విడిగా కాపీరైటు లేనందున, ఎడిసన్ సంస్థ 35 మిల్లీమీటర్ల వెడల్పు ఫిల్ముమీద తీసిన తన చిత్రాలను కాగితంపై ఫొటోలుగా ముద్రించి దాఖలు చేసేది. లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో నిలిచిన ఆ కాగితపు చుట్టలనుంచి తిరిగి తీసిన ప్రతుల్లో గీతలు, మసక తప్పవు. బయోగ్రాఫ్ సంస్థ వాడిన 68 మిల్లీమీటర్ల ఫిల్ములో ఒక్కో బొమ్మ వైశాల్యం ఎన్నో రెట్లు ఎక్కువ. అసలు ఫిల్మునుంచి నేరుగా తీసిన అటువంటి ప్రతి దొరికితే, అది నదిదైనా సరే, ముందు దాన్నే చూడమంటాను.