‘బానీ అండ్ క్లైడ్’ ఇన్నాళ్లూ ఎందుకు చూడలేదో

మొన్న రాత్రి పర్లాకిమిడిలో ఒకటే వాన, ఇంట్లో కూర్చుని 1967 నాటి ‘బానీ అండ్ క్లైడ్’ పెట్టాను. చూశాక నిద్ర పట్టలేదు. అమెరికాలో 1930ల ఆర్థికమాంద్యం రోజుల్లో టెక్సాస్, ఆ చుట్టుపక్కల రాష్ట్రాల్లో దోపిడీలు చేసిన జంట కథ ఇది. క్లైడ్‌గా వారెన్ బేటీ బాగానే చేశాడు కానీ సినిమాని మోసింది బానీగా వేసిన ఫే డనవే కళ్లే.

బానీ తల్లిని కలిసే సీను కోసమైనా చూడాలి. తెర అంతా దుమ్ము పట్టిన అద్దంలోంచి చూస్తున్నట్టు మసకగా ఉంటుంది, పిల్లలు ఇసుకలో ఆడుతుంటారు, క్లైడ్ ఏమో మీ దగ్గర్లోనే కాపురం పెడతామని చెబుతుంటాడు, అలా చేస్తే ఎక్కువ రోజులు బతకరని ఆవిడ మొహం మీదే అనేస్తుంది. మా అమ్మకి ఇంగ్లీషు రాదు, అయినా పక్కన కూర్చుని ‘ఆ తల్లికి తెలిసిపోయిందిరా’ అంది.

ఒక్కటి మాత్రం నాకు అస్సలు నచ్చలేదు. వీళ్లని వేటాడిన టెక్సాస్ పోలీసు అధికారి ఫ్రాంక్ హేమర్‌ని వీళ్లు పట్టుకుని అవమానించినట్టు తీశారు. నిజానికి 1934 మే 23న లూసియానాలో మాటు వేసి కాల్చేదాకా ఆయన వాళ్లకి ఎదురే పడలేదు. అసలు పేరు వాడి అలా చూపించడం అన్యాయం.

చివర్లో పిట్టలు గుప్పున లేస్తాయి, ఇద్దరూ ఒకరినొకరు చూసుకుంటారు, అంతే, తూటాలు. నిజం బానీకి అప్పటికి 23 ఏళ్లే. చిన్నపిల్లలు పడుకున్నాకే పెట్టుకోండి.